గిటారిస్టు కీబోర్డు ముట్టుకుంటే: విజయనగరం నుంచి వాన్ హేలెన్ ‘1984’

తొమ్మిది పాటలు, మొత్తం కలిపి ముప్పై మూడు నిమిషాలు. వాటిలో సింథసైజర్ (మీటలు నొక్కితే కరెంటుతో రకరకాల శబ్దాలు పుట్టించే కీబోర్డు) ముందుకొచ్చి కూర్చున్నవి మూడే. ఆ మూడింట్లోనూ ఒకటి నిమిషం దాటగానే అయిపోయే చిన్న ముక్క. అయినా 1984 జనవరి 9న విడుదలైన అమెరికా రాక్ బ్యాండు వాన్ హేలెన్ ఆరో ఆల్బమ్ ‘1984’కి ‘సింథ్ ఆల్బమ్’ అన్న పేరు పడిపోయింది. నచ్చినవాళ్లు ఆ పేరు చెప్పే మెచ్చుకున్నారు, నచ్చనివాళ్లు ఆ పేరు చెప్పే తిట్టారు. నలభై ఏళ్లు దాటినా అది వదల్లేదు.

పాటల లెక్క ప్రకారం ఆ పేరు తప్పే. కానీ అంతమంది ఒకేలా పొరబడ్డారంటే వాళ్లకు ఏదో గట్టిగానే తగిలి ఉండాలి. అదేమిటో తేల్చుకోవడానికి లాస్ ఏంజెలెస్ కంటే విజయనగరమే అనువైన చోటేమో. బయటి నుంచి వచ్చిన వాయిద్యాన్ని ఏం చేసుకోవాలన్న ప్రశ్న ఈ జిల్లాకు బాగా పాతది. వయొలిన్ విషయంలో ఒక జవాబు దొరికింది, హార్మోనియం విషయంలో ఇంకో జవాబు. సన్నాయి విషయంలో మాత్రం జవాబు అంత హాయిగా లేదు.

వాన్ హేలెన్ కాలిఫోర్నియాలోని పాసడీనాలో తయారైన బ్యాండు. అప్పట్లో పాడింది డేవిడ్ లీ రాత్, బేస్ గిటార్ మైకేల్ ఆంథొనీ, డ్రమ్స్ అలెక్స్ వాన్ హేలెన్, గిటార్ అలెక్స్ తమ్ముడు ఎడ్డీ. 1978లో తొలి ఆల్బమ్ రాగానే ఎడ్డీ పేరు మారుమోగిపోయింది. కుడి చేతి వేళ్లను కూడా గిటార్ మెట్ల మీదికి తెచ్చి, రెండు చేతులతో స్వరాలు కొట్టే పద్ధతిని ‘ట్యాపింగ్’ అంటారు. దాన్ని ఆయన కనిపెట్టలేదు గానీ, ఆయన వాయించాకే ఊరూరా కుర్రాళ్లు నేర్చుకున్నారు. రాక్ వినేవాళ్ల లెక్కలో ఎడ్డీ అంటే గిటార్, గిటార్ అంటే ఎడ్డీ. అభిమానులకు ఇంతకంటే తెలియాల్సిన అవసరం రాలేదు.

నిజానికి ఆయన మొదట నేర్చుకున్నది గిటార్ కాదు. అన్నదమ్ములిద్దరూ నెదర్లాండ్స్‌లో పుట్టారు. తండ్రి యాన్ జాజ్ వాద్యకారుడు, క్లారినెట్, శాక్సఫోన్ ఊదేవాడు. 1962లో ఆ కుటుంబం అమెరికా చేరింది. పిల్లలిద్దరికీ ముందు పియానోయే చెప్పించారు. నొటేషన్ చదవడం ఎడ్డీకి పెద్దగా పట్టుబడలేదు. చెవితో విని, చేతితో పట్టుకునేవాడు, అలాగే పోటీల్లో బహుమతులు కూడా తెచ్చుకున్నాడు. తర్వాత ఎడ్డీ డ్రమ్స్, అలెక్స్ గిటార్ మొదలుపెట్టారు, కొన్నాళ్లకు మార్చుకున్నారు. కాబట్టి ‘గిటార్ వదిలేసి కీబోర్డుకు ఫిరాయించాడు’ అన్న మాటకు మొదట్లోనే చెక్ పడుతుంది. ఫిరాయింపు అంటూ ఉంటే అది చిన్నప్పుడు పియానో వదిలి గిటార్ పట్టినప్పుడే జరిగింది.

ఇంకో విషయం. కీబోర్డు ఆ బ్యాండులోకి 1984లో హఠాత్తుగా ఊడిపడలేదు. 1980 ఆల్బమ్ మొదటి పాటలోనే ఎలక్ట్రిక్ పియానో ఉంది. దాన్ని గిటార్ యాంప్లిఫయర్‌లో పెట్టి కరకరలాడించడంతో చాలామంది గిటారే అనుకున్నారు. 1981 ఆల్బమ్‌లో ఒక చిన్న సింథ్, 1982లో మినీమూగ్ అనే సింథ్ వినిపిస్తాయి. అప్పుడు ఎవరికీ టెన్షన్ రాలేదు. గిటార్ వేషం వేసుకుని వచ్చినంత కాలం కీబోర్డును ఎవరూ పట్టించుకోలేదు. 1984లో అది వేషం తీసేసి వచ్చింది. గొడవంతా అక్కడే.

ఆ గొడవకు నేపథ్యం కూడా ఉంది. 1970లలో రాక్ అభిమానుల్లో సింథసైజర్ మీద గట్టి అనుమానం ఉండేది. ఇంగ్లండ్ బ్యాండు క్వీన్ తన ఆల్బమ్ అట్టల మీద సింథసైజర్ ఎవరూ వాయించలేదని అచ్చు వేయించుకుంది. గిటార్‌తో చేసిన వింత శబ్దాలను జనం యంత్రానివి అనుకుంటారేమోనని వాళ్ల బాధ. అదే క్వీన్ 1980లో ఓబర్‌హైమ్ కంపెనీ సింథ్ కొనుక్కుని వాడేసింది. 1983 నాటికి యమహా డీఎక్స్7 అనే సింథ్ బజారులోకి వచ్చింది. వేర్వేరు కంపెనీల యంత్రాలు ఒకదానితో ఒకటి మాట్లాడుకునే ‘మిడి’ ఏర్పాటూ ఆ ఏడాదే. టెక్సస్ బ్యాండు జీజీ టాప్ అదే ఏడాది బ్లూస్ గిటార్ కింద యంత్ర లయ పరిచి కోట్లు గడించింది. బటన్ నొక్కితే శబ్దం వస్తుంటే ఇక సాధన ఎందుకు అన్న భయం గాలిలో ఉన్నదే. వాన్ హేలెన్ అభిమానులు దాన్ని కొత్తగా పుట్టించలేదు.

ఇప్పుడు అసలు పాటకు వద్దాం. ‘జంప్’ మొదలవగానే వినిపించేది ఓబీ-ఎక్స్ఏ అనే ఓబర్‌హైమ్ సింథ్. అనలాగ్ యంత్రం, ఒకేసారి చాలా స్వరాలు పలుకుతుంది. పెళ్లి బ్యాండులో బాకాలన్నీ ఒక్క ఊపున ఊదినట్టుంటుంది ఆ మోత. గిటార్ కోసం చెవులు రిక్కించి కూర్చున్నవాడికి మొదటి కొన్ని క్షణాల్లో అది ఎక్కడా దొరకదు. మనసు విరగడానికి ఆ కాస్త చాలు.

అయితే ఆ మోత కింద ఏం జరుగుతోందో వినాలి. బేస్ ఒకే స్వరాన్ని, వాళ్ల లెక్కలో ‘సి’ని, పట్టుకుని కొడుతూ పోతుంది. పైన సింథ్ మీద ఎఫ్, జి, సి కార్డులు (ఒకేసారి కలిపి పలికించే స్వరాల గుంపులు) మారుతుంటాయి. పైన ఎన్ని మారినా కింద స్వరం కదలదు. తంబూరా శ్రుతి విని పెరిగిన చెవికి ఇందులో వింతేమీ లేదు. ఆధార షడ్జమాన్ని, అంటే ‘స’ స్వరాన్ని, నిలబెట్టి దాని మీద కట్టుకుంటూ పోవడమే. పాశ్చాత్యులు దీన్ని పెడల్ స్వరం అంటారు. ఇప్పుడు 1978 తొలి ఆల్బమ్ మొదటి పాట పెట్టుకుని వినండి. అక్కడ బేస్ ‘ఇ’ స్వరాన్ని తాపీగా కొడుతుంటే పైన గిటార్ కార్డులు మారతాయి. అంటే ఎడ్డీ ఆలోచించే తీరు ఆరేళ్లలో ఏమీ మారలేదు. గిటార్ మీద అలవాటైన కట్టుబడినే తెచ్చి కీబోర్డు మీద పెట్టాడు. సింథ్‌తో పేరు తెచ్చుకున్న ఇంగ్లండ్ బ్యాండ్ల పాటలు ఇలా ఉండవు. వాటిలో యంత్రం ఒక చిన్న స్వరమాలను అలుపు లేకుండా తిప్పుతుంటుంది. ‘జంప్’లో తిరిగే యంత్రమే లేదు. కార్డు కార్డుకూ మధ్య చేయి లేచి దిగుతున్నట్టు తెలుస్తుంది.

పాట మధ్యలో గిటార్ సోలో వస్తుంది. అది అయ్యీ అవగానే సింథ్ సోలో. రెండూ వాయించింది ఒకడే. గిటార్ సోలో గజిబిజిగా, మెలికలు తిరుగుతూ వెళ్తుంది. సింథ్ సోలో పియానో పాఠాల్లో పిల్లలు వాయించే స్వరాల వరసలను గుర్తు చేస్తుంది. నిజం చెప్పాలంటే ఆ ఆల్బమ్‌లో సింథ్‌ను పూర్తిగా సాధించినట్టు అనిపించేది ఈ పాటలోనే. ఇంకో సింథ్ పాట ‘ఐల్ వెయిట్’ కాస్త బరువుగా నడుస్తుంది. మొదటి ముక్క ‘1984’ ముఖద్వారం లాంటిది తప్ప విడిగా నిలబడదు. మిగతా ఆరు పాటలూ గిటార్‌వే. ‘హాట్ ఫర్ టీచర్’ మొదట్లో అలెక్స్ డ్రమ్స్ మీద చేసే హంగామా లయ జ్ఞానం ఉన్న ఎవరికైనా ముచ్చటేస్తుంది. రెండు చేతులు, రెండు కాళ్లు, తల కలిపి ఐదు తాళాలు వేసిన ఆదిభట్ల నారాయణదాసు గారి జిల్లాలో ఇలాంటి దానికి మార్కులు తక్కువ పడవు.

సింథ్ అంత ముందుకు రావడం వెనక వాయిద్యం కంటే పెత్తనం గొడవ ఎక్కువ ఉంది. 1982 ఆల్బమ్‌ను హడావుడిగా చుట్టబెట్టారు. పన్నెండింట్లో ఐదు వేరేవాళ్ల పాటలే. అది బాగానే అమ్ముడైనా ఎడ్డీకి మింగుడు పడలేదు. 1983లో తన ఇంటి ఆవరణలోనే స్టూడియో కట్టుకున్నాడు. అనుమతి కోసం కాగితాల మీద రాకెట్‌బాల్ ఆడుకునే గది అని చూపించారు. పేరు ‘5150’. మతి చెదిరి ప్రమాదకరంగా ఉన్న మనిషిని నిర్బంధించడానికి కాలిఫోర్నియా చట్టంలో ఉన్న సెక్షన్ నంబరది. ఇంజనీర్ డాన్ లాండీతో కలిసి రాత్రుళ్లు అక్కడే పని చేసేవాడు. ‘జంప్’ కీబోర్డు వరస అంతకు ముందే తయారుగా ఉన్నా గాయకుడు రాత్‌కు మొదట నచ్చలేదు. నిర్మాత టెడ్ టెంపుల్‌మన్‌కూ అంత ఉత్సాహం లేదు. చివరికి రాత్ కారు వెనక సీట్లో తిరుగుతూ దానికి మాటలు కట్టాడు. సింథ్ ఉండాలా వద్దా అన్న వాదన పైకి కనిపించేది. లోపల ఉన్నది, ఎవరి ఇంట్లో ఎవరి మాట చెల్లాలన్న వాదన.

ఆదరణ సంగతికొస్తే అంకెలు ఒక పక్కకే మొగ్గుతాయి. ‘జంప్’ అమెరికా బిల్‌బోర్డ్ పాటల పట్టికలో ఐదు వారాలు మొదటి స్థానంలో ఉంది. ఆ బ్యాండుకు అక్కడ మొదటి స్థానం దక్కిన పాట అదొక్కటే. ఆల్బమ్ రెండో స్థానం వరకు వెళ్లి ఆగింది. దాన్ని ఆపింది మైకేల్ జాక్సన్ ‘థ్రిల్లర్’. తమాషా ఏమిటంటే ఆ ‘థ్రిల్లర్’లోని ‘బీట్ ఇట్’కి గిటార్ సోలో వాయించింది ఎడ్డీయే, అదీ డబ్బు తీసుకోకుండా. ఖాళీ స్టేజీ మీద బ్యాండు గెంతులు వేయడం తప్ప ఏమీ లేని ‘జంప్’ వీడియోకు 1984 ఎంటీవీ అవార్డుల్లో స్టేజీ ప్రదర్శనకు ఇచ్చే బహుమతి వచ్చింది. 1999లో ఆల్బమ్‌కు డైమండ్ గుర్తింపు దక్కింది. అమెరికాలోనే కోటి కాపీలన్నమాట. విమర్శకుల్లో ఎక్కువమంది మెచ్చుకున్నారు. అసంతృప్తి అంతా గిటార్ అభిమానుల్లోనే. వాళ్లు రెండు మాటలన్నారు. రేడియో కోసం అమ్ముడుపోయారు అన్నది ఒకటి, ఈ వాయింపులో గొప్పేముంది అన్నది రెండోది. మొదటిదానికి పెద్ద విలువ లేదు. ఏ పాట హిట్టయినా వినిపించే మాటే. రెండోది ఆలోచించదగ్గది. విజయనగరం అనుభవం పనికొచ్చేది అక్కడే.

వయొలిన్ ఇక్కడిది కాదు. ముత్తుస్వామి దీక్షితుల తమ్ముడు బాలుస్వామి దీక్షితులు మద్రాసులో యూరోపియన్ సంగీతం విని నేర్చుకున్న వాయిద్యం. మనవాళ్లు దాన్ని ఉన్నదున్నట్టు తీసుకోలేదు. నిలబడి గడ్డం కింద పెట్టుకునేదాన్ని కూర్చుని, చివరను పాదం మీద ఆనించి వాయించారు. తీగల శ్రుతిని స-ప-స-పలకు మార్చారు. గమకం, అంటే స్వరం ఊగుతూ జారుతూ సాగడం, పలికించారు. 1919లో విజయనగరంలో మహారాజా సంగీత కళాశాల పెట్టినప్పుడు నారాయణదాసు గారు మొదటి ప్రిన్సిపాల్. విద్యార్థిగా చేరదామని వచ్చిన ద్వారం వెంకటస్వామి నాయుడు గారి వాయింపు విని ఆయనను నేరుగా ఆచార్యుడిగా తీసుకున్నారని చెబుతారు. పక్కవాద్యంగా ఉన్న ఫిడేలును ద్వారం వారు ఒంటరి కచేరీ స్థాయికి తీసుకెళ్లారు. 1936లో ప్రిన్సిపాల్ కూడా అయ్యారు. ఇవాళ కర్ణాటక కచేరీలో వయొలిన్ లేకపోతేనే ఏదో లోటు. పరాయి వాయిద్యం చేతికొచ్చినప్పుడు దాని శ్రుతి, కూర్చునే తీరు మార్చుకుని మన పద్ధతిలో వాయించుకుంటే అది మనదైపోతుంది. గిటార్ కట్టుబడిని సింథ్ మీదికి దించిన ఎడ్డీ చేసిందీ ఈ కోవలోదే. స్థాయిల పోలిక తేవడం లేదు, పద్ధతి మాత్రమే.

హార్మోనియం కథ ఇంత సాఫీగా లేదు. దాని స్వరాలు బిగించినవి, మెట్టుకూ మెట్టుకూ మధ్య జారడానికి వీల్లేదు. గమకం రాదని, శ్రుతి మన స్వరాలకు సరిపడదని 1940లో ఆలిండియా రేడియో దాన్ని నిషేధించింది. మూడు దశాబ్దాల పాటు అది నడిచింది. ఆ అభ్యంతరంలో సంగీతపరంగా నిజం ఉంది, కాదనలేం. అయినా ఉత్తరాంధ్ర పద్యనాటకాల స్టేజీ మీద హార్మోనియం చెక్కుచెదరలేదు. కారణం దాని స్వరం గొప్పదని కాదు, వాయించేవాడి చెవి గొప్పది కాబట్టి. పద్యానికి తాళం కట్టు ఉండదు. నటుడు ఊపులో ఉంటే రాగం ఎంతసేపు తీస్తాడో ఆయనకే తెలియదు. ‘వన్స్‌మోర్’ అని జనం అరిస్తే మళ్లీ ఎత్తుకుంటాడు, ఈసారి వేరే దారిలో వెళ్తాడు. హార్మోనిస్టు పక్కన కూర్చుని, ఆయన గొంతు ఎటు తిరిగితే అటు తిరగాలి. ఊపిరి అందకపోతే ఆ ఖాళీ పూడ్చాలి, అందగానే తప్పుకోవాలి.

ఇప్పుడు చాలా నాటక సమాజాల్లో ఆ స్థానంలోకి కీబోర్డు వచ్చింది. మోయడం తేలిక. ఒక నటుడిది ఒకటిన్నర శ్రుతి, ఇంకొకడిది మూడు అయితే శ్రుతి మార్చే ట్రాన్స్‌పోజ్ బటన్ నొక్కితే సరి, వేళ్లు ఉన్నచోటే ఉంటాయి. మంచి హార్మోనిస్టు చేతికి కీబోర్డు ఇస్తే పద్యానికి వచ్చే నష్టం పెద్దగా ఉండదు. అదే కీబోర్డులో రిథమ్ ఆన్ చేసి వదిలేస్తే పద్యం చచ్చిపోతుంది. యంత్రం తన లెక్కన తాను పోతుంది, నటుడు దాని వెనక పరుగెత్తాలి. తేడా పెట్టెలో లేదు. ఎదుటివాడిని వింటూ వాయిస్తున్నారా, లేదా అన్నదే తేడా.

ఈ గీటురాయి మీద పెడితే ‘1984’ ఆల్బమ్ నెగ్గుతుంది. డ్రమ్స్ అలెక్స్ చేతివి, సింథ్ ఎడ్డీ చేతిది. నలుగురూ ఒకరినొకరు వింటున్నారని వింటేనే తెలుస్తుంది. ఓడిపోయింది తర్వాత, స్టేజీ మీద. ఒకే మనిషి ఒకేసారి గిటార్, కీబోర్డు వాయించలేడు కదా. తర్వాతి టూర్లలో ‘జంప్’ కీబోర్డును ముందే రికార్డు చేసి వినిపించడం మొదలుపెట్టారు. 2007లో అమెరికాలోని గ్రీన్స్‌బరోలో జరిగిన కచేరీలో ఆ రికార్డు శ్రుతి ఒకచోట, ఎడ్డీ గిటార్ శ్రుతి ఇంకోచోట పడ్డాయి. పాట మొత్తం అలాగే సాగింది. మనిషి వాయిస్తుంటే రెండో కార్డుకే సర్దుకునేవాడు. రికార్డుకు చెవులుండవు. అభిమానులు 1984లో పడ్డ భయం అబద్ధం కాదని ఆ రాత్రి తేలింది, కాకపోతే వాళ్లు అప్పట్లో భయపడింది తప్పుడు చోట.

సన్నాయి దగ్గర ఈ లెక్కలేవీ సరిపోవు. గజపతినగరంలోనైనా పాలకొండలోనైనా పెళ్లికి సన్నాయి మేళం అంటే ఇద్దరు ముగ్గురు సన్నాయి, డోలు, శ్రుతి, తాళం. తరాలుగా నాయీబ్రాహ్మణ కుటుంబాలు నేర్చుకుంటూ వచ్చిన విద్య అది. ఇప్పుడు మాంగల్యధారణ వేళ గట్టిమేళం మోగితే చాలనుకునేవాళ్లు ఎక్కువ. మిగతా సమయమంతా స్పీకర్ పెట్టెలోంచి రికార్డు సన్నాయి, సాయంత్రం రిసెప్షన్‌కు కీబోర్డు, డ్రమ్ ప్యాడ్. కీబోర్డులో ఇండియన్ టోన్ల కింద నాదస్వరం కూడా ఉంటుంది. అది నాదస్వరంలా ఉండదని వాయించేవాడికీ తెలుసు, పెళ్లివారికీ తెలుసు. అయినా నడిచిపోతుంది, ఎందుకంటే అక్కడ ఎవరూ వినడానికి కూర్చోలేదు.

వాన్ హేలెన్‌లో సింథ్ వచ్చినందుకు ఎవరి కూలీ పోలేదు. ఉన్న నలుగురూ ఉన్నారు. గిటార్ అభిమానుల బాధ అభిరుచికి సంబంధించినది. సన్నాయి వాద్యకారుడి బాధ ఇంటి ఖర్చులకు సంబంధించినది. రెండింటికీ ‘యంత్రం వచ్చి కళను చంపేసింది’ అన్న ఒకే మాట వాడేస్తుంటారు. అందువల్ల రెండోవాడి బాధ కూడా మొదటివాడి అలక లాగే వినిపిస్తుంది. మేళం వాళ్లకు పూర్తి రోజు పని, దానికి తగ్గ డబ్బు ఇచ్చే పెళ్లివారు ఉన్నంత కాలం పక్కన కీబోర్డు ఉన్నా నష్టం లేదు. అది లేనప్పుడు ఏ వాయిద్యం గొప్పది అన్న చర్చ వాళ్లకు పనికిరాదు.

ఆల్బమ్ తర్వాతి కథ త్వరగానే అయిపోయింది. పెత్తనం గొడవ ముదిరి రాత్ 1985లో బ్యాండు వదిలేశాడు. శామీ హేగర్ వచ్చాడు. 1986లో స్టూడియో పేరే పెట్టుకుని వచ్చిన ‘5150’లో సింథ్ వాటా ఇంకా పెరిగింది, ఆ ఆల్బమ్ మొదటి స్థానానికి చేరింది. ఆ బ్యాండుకు ఆల్బమ్ పట్టికలో అదే మొదటిసారి. అప్పటి నుంచి అభిమానులు రెండు జట్లు. రాత్ జట్టువాళ్లు ఇవాళ అసలైన వాన్ హేలెన్ అంటే 1978 నుంచి 1984 వరకు వచ్చిన ఆరు ఆల్బమ్‌లే అంటారు. ఒకప్పుడు ద్రోహం అనిపించుకున్న ఆల్బమ్ ఇప్పుడు తర్వాతివాటిని తూకం వేసే రాయి అయింది. పద్యనాటకం దగ్గర కూర్చున్న పెద్దవాళ్లూ కీబోర్డు చూసి, హార్మోనియం ఉన్న రోజులే వేరంటారు. రేడియోలోకి రానివ్వని పెట్టె అది.